ఆవు చూడి కట్టుట: జంతువులలో ఫలదీకరణము జరుగు విధము

నాట్రంపల్లి, వాణియంబాడి, గుడియాత్తము ప్రాంతములలోని తెలుగు కుటుంబములు పెక్కింటికి సేద్యముతోపాటు పాడియు జీవనాధారమై యున్నది. పూర్వము ఉత్తర ఆర్కాటు జిల్లాలోనిదై, తరువాత వేలూరు జిల్లాకు చెంది, 2019లో ఏర్పడిన తిరుపత్తూరు జిల్లాలో చేరిన నాట్రంపల్లి చుట్టుపట్ల పల్లెలలో, ఆవు ఎదకు వచ్చినదని తెలియగనే దానిని పశువైద్యశాలకు తోలుకొనిపోవుట గాని, సూది వేయువానిని ఇంటికి పిలిపించుట గాని పరిపాటి. తమిళమున దీనిని 'సినై ఊసి' యందురు. ఇరుగుపొరుగు తమిళులతో కలిసి బ్రదుకు తెలుగువారును ఆ మాటనే వాడుదురు.

సూది వేయించిన ఇరువదియొక్క దినములకు ఆవు మరల ఎదకు వచ్చినచో ఇంటిల్లిపాది మనస్సు చివుక్కుమనును. అట్లు రెండు మూడు పర్యాయములు జరిగెనా, కొందరు ఆవు గొడ్డుదందురు. కొందరు సూదిమందు మంచిది కాదందురు. వేరుకొందరు దిష్టి తగిలినదందురు. కడకు ఆ యావు సంతకు పోవును. ఆవునకు గాని, మందునకు గాని నిజముగా దోషము కలదో లేదో నిర్ణయింపవలె నన్నచో ముందుగా ఫలదీకరణ మనునది యేమి, అది యెక్కడ, యెప్పుడు, యెట్లు జరుగును అను విషయములను తెలిసికొనవలెను. ఆ తెలివి కొంత యున్నచో, పెక్కు సందర్భములలో తప్పు వేళయందే యున్నదని గోచరించును.

ప్రాచీనుల ఊహ, నవీనుల పరిశీలన

బిడ్డ పుట్టుటకు తల్లిదండ్రు లిద్దరును కావలెనని మానవుడు అనాదినుండి యెరుగును. అయితే ఎవరిపా లెంత యను విషయమున చిరకాలము వివాదము సాగినది. తండ్రి విత్తనము వేయువాడు, తల్లి కేవలము క్షేత్రము అను భావము మన దేశమునందును, గ్రీసు దేశమునందును బలముగా నుండెను. 1677లో హాలెండు దేశీయుడగు లేవెన్‌హుక్, తాను తయారుచేసికొనిన సూక్ష్మదర్శినితో వీర్యమునందు తోకలతో ఈదులాడు కణములను చూచెను. అంతట కొందరు, ప్రతి కణమునందును చిన్న శిశువు ముడుచుకొని కూర్చుండి యుండునని ఊహించిరి.

పదునెనిమిదవ శతాబ్దమున ఇటలీ దేశమునందు స్పల్లాంజాని అను శాస్త్రజ్ఞుడు మగ కప్పలకు పట్టుగుడ్డతో చిన్న లాగులు కుట్టి తొడిగి చూచెను. అట్టి కప్పలతో కూడిన ఆడకప్పల గుడ్లు పొదుగబడలేదు. ఆ లాగులకు అంటిన వీర్యమును గుడ్లకు తాకించినపుడు అవి తోకకప్పలైనవి. వీర్యమును వడపోయగా దిగిన ద్రవమునకు ఆ శక్తి లేకుండుటయు, వడపోత కాగితముపై మిగిలినదానికి ఆ శక్తి యుండుటయు ఆయన గమనించెను. అయినను ఆ తోకగల కణములే కారణమని మాత్రము ఆయన అంగీకరింపలేదు. కుక్కయందు కృత్రిమ గర్భధారణమును 1780లో సాధించినవాడును ఈయనయే. 1827లో ఫాన్ బేయర్ పాలిచ్చు జంతువుల అండమును కనుగొనెను. 1876లో ఆస్కార్ హెర్ట్‌విగ్ అను జర్మను శాస్త్రజ్ఞుడు, సముద్రపు ముళ్ల జీవి యొక్క పారదర్శకమైన అండమును సూక్ష్మదర్శిని క్రింద నుంచి, వీర్యకణపు కేంద్రకమును అండ కేంద్రకమును ఒకదానితో నొకటి కలిసి యేకమగుటను చూచి వ్రాసెను. దానితో రెండువందల ఏండ్ల వివాదము తీరినది. తల్లి క్షేత్రము మాత్రమే కాదనియు, ఆమెయు బీజదాత్రియే యనియు తేలినది.

రెండు కణములు

శరీరమునందలి ప్రతి కణములోను వంశలక్షణములను మోయు క్రోమోసోములు జంటలుగా నుండును. ఆవునకు ఇవి 60, ఎనుమునకు 50, మనుష్యునకు 46. వీర్యకణము, అండము ఏర్పడునపుడు మాత్రము ప్రత్యేకమైన విభజనచేత ఈ సంఖ్య సగమగును. ఆంబోతు వీర్యకణమున 30, ఆవు అండమున 30 ఉండును. రెండును కలిసినప్పుడు మరల 60 అగును. ఇట్లు రెండు సగములు కూడి ఒక పూర్ణకణ మగుటయే ఫలదీకరణము. ఆ తొలికణమునకు సంయుక్తబీజమని పేరు.

సంఖ్యలో పాళ్లు సమానమైనను ఈ రెండు కణముల స్వభావములు భిన్నములు. అండము గుండ్రనిది, కదలనిది, ఆహారపు నిలువ గలది. ఆవునందు దాని వ్యాసము మిల్లీమీటరులో ఇంచుమించు ఎనిమిదవ వంతు. వీర్యకణమునకు తల, నడుము, తోక మాత్రమే కలవు. తలలో కేంద్రకమును, తల కొనయందు టోపీవలె ఒక ద్రావకపు తిత్తియు నుండును. ఆంబోతు దేహమున వీర్యకణములు ప్రతిదినమును కోట్లకొలది తయారగుచుండును. ఒక్కొక్కటి రూపొందుటకు దాదాపు రెండు నెలలు పట్టును. అండము కథ వేరు. పెయ్యదూడ పుట్టునాటికే దాని అండాశయములలో అండకణములు వేలకొలదిగా ఏర్పడి నిద్రాణములై యుండును. దూడ పెరిగి ఈడేరిన పిమ్మట, సాధారణముగా ఇరువదియొక్క దినముల కొకసారి వానిలో నొక్కటి పండి బయలువెడలును.

నీటిలో కలయిక, దేహములో కలయిక

ఈ రెండు కణములును అల్పాయువులు. అవి చావకముందే యొకచోట చేరవలెను. జంతుప్రపంచములో కనబడు నానావిధములైన సంగమ పద్ధతులన్నియు ఈ చిక్కునకు ప్రకృతి కనిపెట్టిన ఉపాయములే.

తొలకరి వాన కురిసిన రాత్రి చెరువుగట్టున కప్పల బెకబెకలు వినబడును. మగకప్ప ఆడకప్పను వెనుకనుండి కరచి పట్టుకొని, అది గుడ్లు విడుచుచుండగనే వానిపై వీర్యమును విడుచును. ఫలదీకరణము దేహమునకు వెలుపల, నీటియందే జరుగును. బొచ్చె, రోహు మొదలగు చేపలదియు ఇదే పద్ధతి. మంచినీటిలో పడిన చేప వీర్యకణము చురుకుగా ఈదునది ఇంచుమించు ఒక నిమిషము మాత్రమే. ఆ లోపుగా గుడ్డునకు గల యొకే చిన్న రంధ్రమును అది చేరవలెను. ఈ చేపలు ఏటి వరదలో గుడ్లు పెట్టునే గాని నిలువనీటి చెరువులలో సాధారణముగా పెట్టవు. 1957లో కటకమున హీరాలాల్ చౌధురి, ఆలికున్హి అనువారు చేప మెదడు క్రిందనుండు పీయూషగ్రంథి రసమును సూదిద్వారా ఎక్కించి, ఆడ మగ చేపలు ఒకే వేళకు గుడ్లను, వీర్యమును విడుచునట్లు చేసిరి. నేడు చెరువులలో వదలు చేపపిల్లలు పెక్కు ఆ మార్గమున పుట్టినవే.

కోడి విషయము మరియొక విధము. కోడిగ్రుడ్డులోని పచ్చసొనయే అసలు అండము. అది అండాశయమునుండి జారిన పావుగంట లోపలనే, తెల్లసొనయు పెంకును ఏర్పడకముందే, ఫలదీకరణము జరిగిపోవలెను. ఇంత స్వల్పకాలమును పట్టుకొనుటకై పెట్ట దేహమున వీర్యకణములను దాచు సన్నని గొట్టములు కలవు. పుంజుతో ఒకసారి కూడిన పెట్ట రెండు వారముల దనుక పొదుగదగిన గ్రుడ్లను పెట్టగలుగుటకు కారణమిదే. నామక్కల్ ఫారములనుండి అంగళ్లకు వచ్చు గ్రుడ్లు పుంజు సంపర్కము లేనివి. కావున వానిని పొదిగించినను పిల్ల లేవదు.

ఆవునందు వేళ

ఆవు, గేదె, మేక మొదలగువానియందు ఫలదీకరణము దేహమునందే, అండవాహిక యను సన్నని నాళము యొక్క పైభాగమున జరుగును. ఇక్కడనే పాడిరైతు గమనింపవలసిన లెక్క యొకటి కలదు.

ఆవు ఎద సాధారణముగా 12 మొదలు 18 గంటలు నిలుచును. ఎద తీరిన 10, 12 గంటలకు గాని అండము విడుదల కాదు. విడుదలైన అండము ఫలదీకరణమునకు పనికివచ్చునది సుమారు 6 మొదలు 12 గంటలు మాత్రమే. ఆవు దేహమున వీర్యకణము సుమారు 24 మొదలు 30 గంటలు బ్రదుకును. అయితే ప్రవేశించిన వెంటనే దానికి అండమును భేదించు శక్తి యుండదు. కొన్ని గంటలు ఆడ జంతువు నాళములలో నిలిచి, తనపై నున్న కొన్ని పూతలను కోల్పోయి, పక్వము కావలెను. ఈ పక్వమును 1951లో అమెరికాయందు చాంగ్, ఆస్ట్రేలియాయందు ఆస్టిన్ వేరువేరుగా కనుగొనిరి. అండవాహిక క్రిందిభాగము వీర్యకణములకు మజిలీవంటిది. అవి యచ్చట గోడలకు అంటుకొని వేచియుండి, అండము విడుదలగు సమయమునకు కొలది కొలదిగా పైకి కదలును.

కావున సూది మిక్కిలి ముందుగా పడినచో అండము రాకపూర్వమే వీర్యకణములు నశించును. మిక్కిలి ఆలస్యముగా పడినచో వీర్యకణములు పక్వమగుసరికి అండము చెడిపోవును. 1948లో ట్రింబర్గర్ అను అమెరికా శాస్త్రజ్ఞుడు ఆవుల మందలను పరిశీలించి చెప్పిన నియమము నేటికిని పశువైద్యులు చెప్పుచున్నదే: ఉదయమున ఎద కనబడిన ఆవునకు ఆ సాయంకాలమును, సాయంకాలమున కనబడినదానికి మరునాటి ఉదయమును సూది వేయింపవలెను. గడ్డకట్టించి నిలువచేసిన వీర్యమునందలి కణములు తాజావానికంటె తక్కువకాలము బ్రదుకును గనుక ఈ నియమము నేడు మరింత ముఖ్యము.

ఎదకు నిశ్చయమైన గురుతు వేరొక పశువు పైకెక్కినను ఆవు కదలక నిలుచుట. అరచుట, మేత తగ్గుట, పాలు తగ్గుట, నిర్మలమైన తీగలు వేయుట తోడి గురుతులు. ఎద గడచిన ఒకటి రెండు దినములకు కొన్ని యావులయందు నెత్తుటిచార కనబడును. దానిని చూచి అప్పుడు సూది వేయించుట వృథా; అది ఎద దాటిపోయినదనుటకు గురుతేగాని, చూడి కట్టెననుటకు గాని కట్టలేదనుటకు గాని గురుతు కాదు. గేదెలయందు, అందును వేసవిలో, ఎద గురుతులు మందముగా నుండి తరచు రాత్రివేళ కనబడును. అందుచేత దానిని కనిపెట్టుట మరింత కష్టము.

కలయిక జరుగు క్రమము

ఒక్క సూది మోతాదులో, పావు మిల్లీలీటరు గొట్టమున, సుమారు రెండుకోట్ల వీర్యకణము లుండును. వానిలో పెక్కు దారిలోనే నశించును. అండము దరికి చేరునవి మిక్కిలి కొద్ది.

అండము చుట్టును దళసరియైన పారదర్శకపు పొర యొకటి కలదు. పక్వమైన వీర్యకణము ఆ పొరను చేరుసరికి దాని తలపైనున్న తిత్తి పగిలి ద్రావకము వెలువడును. ఆ ద్రావకపు సాయమునను, తోక విసురునను అది పొరను దొలుచుకొని లోనికి పోవును. లోపల అండపు త్వచమును తాకగనే రెండు ప్రోటీనులు ఒకదానినొకటి గుర్తుపట్టి పట్టుకొనును. వీర్యకణముపై నున్నదానిని 2005లో జపానువారు కనుగొని, తమ దేశమున వివాహములకు ప్రసిద్ధికెక్కిన ఇజుమో దేవాలయపు పేరు పెట్టిరి. అండముపై నున్న దాని జంటను 2014లో ఇంగ్లండున గుర్తించి, రోమనుల వివాహదేవతయగు జూనో పేరు పెట్టిరి. లగ్నము కుదిరిన పిమ్మటనే ముహూర్తమన్నట్లు, ఈ రెండును పట్టుకొనినగాని కణములు రెండును ఏకము కాలేవు.

ఒక వీర్యకణము ప్రవేశించిన తత్‌క్షణమున అండమునందు కాల్షియము అలలుగా పొంగును. అండపు అంచున వేచియున్న సూక్ష్మమైన రేణువులు పగిలి, వానిలోని పదార్థము వెలుపలి పొరను గట్టిపరచును. ఇక మరియొక వీర్యకణమునకు తావు లేదు. రెండవది చొచ్చినచో క్రోమోసోముల లెక్క తప్పి పిండము నశించును. పెండ్లివారు లోపలికి పోగానే తలుపు మూసినట్లు ఈ యేర్పాటు కలదు. ఆపై అండము తన కడపటి విభజనను ముగించుకొనును. రెండు కేంద్రకములును దగ్గరకు చేరి, వాని క్రోమోసోములు ఒక్కచోట కూర్పబడును. తల్లి సగము, తండ్రి సగముగా నూతన జీవి ఆరంభమగును. కణమునకు శక్తినిచ్చు మైటోకాండ్రియములు మాత్రము తల్లినుండియే సంక్రమించును.

ఒకే కొట్టమున ఆవును, దున్నపోతును కట్టినను దూడ పుట్టకుండుటకు గల కారణమును ఇందే చూడవచ్చును. వాని క్రోమోసోముల సంఖ్యలును, గుర్తుల కూర్పును వేరు. గుర్రము, గాడిద మిక్కిలి దగ్గరి చుట్టములగుటచే వానికి కంచరగాడిద పుట్టును గాని, 64, 62 క్రోమోసోముల సగములు కూడి 63 అగుటచే జంటలు కుదరక, ఆ కంచరగాడిద సాధారణముగా గొడ్డై పోవును.

పెయ్యయా, కోడెయా

దూడ పెయ్య యగుటయు, కోడె యగుటయు ఫలదీకరణ క్షణముననే నిర్ణయమగును. అండములన్నియు ఎక్స్ అను క్రోమోసోమునే మోయును. వీర్యకణములలో సగము ఎక్స్‌ను, సగము వై అను క్రోమోసోమును మోయును. ఎక్స్ గలది ప్రవేశించినచో పెయ్య, వై గలది ప్రవేశించినచో కోడె. 1905లో నెట్టీ స్టీవెన్స్ అను అమెరికా శాస్త్రజ్ఞురాలు పిండిపురుగులను పరిశీలించి ఈ రహస్యమును బయటపెట్టెను. ఎక్స్ గల ఆంబోతు వీర్యకణమున వంశపదార్థము వై గలదానికంటె నూటికి సుమారు నాలుగు పాళ్లు ఎక్కువ. ఆ స్వల్పభేదము నాధారముగా యంత్రముతో వేరుచేసిన వీర్యము నేడు లభించుచున్నది. దానిచే పుట్టు దూడలలో నూటికి సుమారు తొంబది పెయ్యలు.

మనుష్యులయందును ఇదే న్యాయము. అండమున ఎక్స్ తప్ప వేరొకటి లేదు గనుక, శిశువు ఆడదగుటకు గాని మగదగుటకు గాని తల్లి కారణము కాజాలదు. వరుసగా ఆడపిల్లలు పుట్టిరని కోడలిని నిందించుట, ఆమెను పుట్టింటికి పంపుట, రెండవ పెండ్లికి తలపెట్టుట అజ్ఞానమే యగును. తండ్రినైనను నిందింప వీలులేదు. ఏ కణము ముందు చేరునన్నది అతని చేతిలో లేదు. పశువు విషయమున యంత్రమును నమ్మి పెయ్యను కోరు గృహస్థుడు, కోడలి విషయమున దానినే మరచుట విచిత్రము.

చూడి నిలిచిన పిమ్మట

సంయుక్తబీజము రెండు, నాలుగు, ఎనిమిది కణములుగా చీలుచు అండవాహికలో క్రిందికి జారి, నాలుగైదు దినములకు గర్భాశయమును చేరును. పదునారు పదునేడు దినముల ప్రాంతమున పిండము ఒక ప్రోటీనును స్రవించి, తానున్న సంగతిని తల్లి దేహమునకు తెలుపును. ఆ సందేశ మందినగాని ఎద చక్రము ఆగదు. ఇరువదియొకటవ దినమున ఆవు ఎదకు రాకుండుటను చూచి పెద్దలు చూడి నిలిచినదనుకొనుట ఇందువలననే. అయినను అది నిశ్చయము కాదు. పశువైద్యుని పరీక్షయే నిశ్చయము. ఆవు సుమారు 280 దినములకును, గేదె సుమారు 310 దినములకును ఈనును.

ఈ విద్య వలన ప్రయోజనము

మన దేశమున పశువులకు కృత్రిమ గర్భధారణము 1939లో మైసూరు రాజప్రాసాదపు పాడిక్షేత్రమున సంపత్కుమారన్ చేతిమీదుగా ఆరంభమైనది. 1949లో ఇంగ్లండున గ్లిజరినుతో కలిపిన వీర్యకణములు గడ్డకట్టించినను బ్రదుకునని తెలిసినది. నేడు మద్రాసు సమీపమున అలమాది కేంద్రమునుండియు, ఉదకమండలము జెర్సీ క్షేత్రమునుండియు వీర్యము గొట్టములలో నింపబడి, సున్నకు దిగువ 196 డిగ్రీల చలిగల ద్రవ నత్రజనియందు నిలువయుండి, పల్లెలను చేరుచున్నది. 1990లో కర్నాలునందు, దేహమునకు వెలుపల గాజుపాత్రలో ఫలదీకరణము జరిపిన పిండమునుండి ఎనుముదూడ పుట్టినది. దానికి 'ప్రథమ్' అని పేరిడిరి. హైదరాబాదులోని కణ, అణు జీవశాస్త్ర కేంద్రమువారు 2006లో చుక్కలజింకకును, 2007లో కృష్ణజింకకును కృత్రిమ గర్భధారణముచే పిల్లలు కలుగజేసిరి.

గుడియాత్తమునకు ఉత్తరమున కనుమ నెక్కి పలమనేరును దాటినచో పుంగనూరు చేరవచ్చును. ఆ యూరిపేర ప్రసిద్ధమైన పొట్టిజాతి ఆవు లోకమున మిక్కిలి చిన్నవైన గోజాతులలో నొకటి. సంకరజాతులు ప్రబలుటచే అది యొకప్పుడు అంతరించు దశకు వచ్చెను. పలమనేరు పశుపరిశోధన క్షేత్రమున దానిని కాపాడుచున్నారు. ఏ సూది పరదేశపు జాతిని మన కొట్టములకు తెచ్చినదో, ఆ సూదియే మేలైన పుంగనూరు ఆంబోతు వీర్యమును దూరపు పల్లెలకు చేర్చి ఆ జాతిని నిలుపగలదు. సాధనమునందు దోషము లేదు. దేనిని కోరి వాడుదుమన్నదే విచారింపవలసినది.

ఎద తప్పిన ప్రతిపర్యాయమును ఇంచుమించు మూడు వారముల పాడి వెనుకబడును. మేత ఖర్చు మాత్రము ఆగదు. రెండు మూడావులతో బ్రదుకు ఇంటికి అది చిన్న నష్టము కాదు. కావున ఆవును గొడ్డని నిర్ణయించి సంతకు తోలుటకు పూర్వము, ఉదయము సాయంకాలము దానిని నిలిచి చూచితిమా, ఎద మొదలైన గంటను గుర్తుంచుకొంటిమా, సూది సరియైన వేళకు పడినదా అని యింటివారు ప్రశ్నించుకొనవలెను. వేళ సరిగానుండియు మూడుసార్లు నిలువనిచో రోగమేమైన నుండవచ్చును. అపుడు పశువైద్యునికి చూపవలెను. సాధారణముగా కొట్టము ఊడ్చి, కుడితి పెట్టి, పశువును దినమున కిరుమారు దగ్గరనుండి చూచునది ఇంటి ఇల్లాలే. ఎద గురుతులను, వేళ లెక్కను ముందుగా ఆమెకు తెలియజేసినచో ఇంటికి మేలు; లిపి నేర్చిన పిల్లలచేత ఆ తేదీని, గంటను గోడ క్యాలెండరుపై తెలుగున వ్రాయించినచో మరింత మేలు.